పెద్దామె గళ్ళు, చిన్నామె గళ్ళు

బారువకి కాస్త ఎగువన ఉన్న ఆ చేపలవాళ్ళ ఊళ్ళో సన్యాసమ్మ ఇల్లెక్కడ అని అడిగితే ఎవరైనా ఒక్క నిమిషం ఆలోచిస్తారు. పోలారావు పెద్దపెళ్ళాం ఇల్లు అంటే మాత్రం ముక్కు కారుతున్న పిల్లలు కూడా చెయ్యెత్తి చూపిస్తారు. చిన్నపెళ్ళాం ఉంది కాబట్టే ఆమె పెద్దపెళ్ళాం అయింది. ఆ చిన్నపెళ్ళాం పరాయిదేమీ కాదు. సన్యాసమ్మకు తోడబుట్టిన చెల్లెలు, రత్నాలమ్మ.

కాపరానికొచ్చి ఏళ్ళు గడిచినా సన్యాసమ్మ కడుపు పండలేదు. అత్తగారు పోలారావుకి ఇంకో సంబంధం చూస్తోందని తెలిసి కన్నతల్లి పరుగున వచ్చింది. "ఎవత్తో వొచ్చి నీ నెత్తినెక్కి కూకునే కంటే మన రత్నాలుని తెచ్చుకోయే. సెల్లి కాబట్టి నీ మాటింటాది" అని నచ్చజెప్పింది. సన్యాసమ్మ సరేనంది. సరేనన్న మనిషి కనక ఏడవడానికి వీల్లేకపోయింది. ఆ పెళ్ళికి పసుపు దంచింది, అన్నం వండింది, పందిట్లో చెల్లెలి కొంగు సర్ది పీటల మీద కూర్చోబెట్టింది. ఆ రోజు నుంచీ ఆమె కళ్ళకి కొలిచే అలవాటు పట్టుకుంది.

పులుసులో చేప తలకాయ ఎవరి కంచంలో పడింది? సోంపేట సంతలో పోలారావు కొన్న రెండు చీరల్లో ఏది రంగు వెలిసింది? వేటనుంచి వచ్చినవాడు ముందు ఎవరిని నీళ్ళడిగాడు? ఇవన్నీ ఆమె నోటితో ఎప్పుడూ అడగలేదు. కళ్ళే చూసుకునేవి. రత్నాలమ్మకి ఏడాది తిరక్కుండా మనోహర్ పుట్టాడు, ఆ తర్వాత ఇందు. ఇద్దరికీ నీళ్ళు పోసిందీ, ముద్దలు పెట్టిందీ, జ్వరాలొస్తే భుజాన వేసుకుని తిరిగిందీ సన్యాసమ్మే. పిల్లలు ఆమెను పెద్దమ్మా అనేవారు. ప్రేమగానే అనేవారు. కానీ ఆ పిలుపు విన్నప్పుడల్లా అందులోంచి 'పెద్ద' ముక్క తుంచి పారేయాలనిపించేది ఆమెకి.

ఇప్పుడు ఇందు హరిశ్చంద్రపురంలో కాపరం చేసుకుంటోంది. పోలారావూ మనోహరూ వానలు వెనకబట్టాక గుజరాత్ బోట్ల మీదకి పోయి, ఎండాకాలంలో వేట ఆపే రోజులకి తిరిగొస్తారు. మిగతా నెలలంతా ఇంట్లో అక్కచెల్లెళ్ళే. ఒకే పొయ్యి, ఒకే వాకిలి. ఊరివాళ్ళకి వాళ్ళిద్దరి మధ్యా ఒక్క గట్టి మాట కూడా ఏనాడూ వినబడలేదు.

టెక్కలి పిల్ల సుస్మిత ఊళ్ళోకి వచ్చింది అలాంటి నెలల్లోనే.

ఆ పొద్దున్న సన్యాసమ్మ ఇసుకదిబ్బ మీద పరదా పరిచి నెత్తళ్ళ చేపలు ఎండబెడుతోంది. అంత దూరంలో టోపీ పెట్టుకున్న ఆడపిల్ల ఒకతె ఇసకలో కర్రలు దిగ్గొట్టి, వాటి చుట్టూ నీలంరంగు తాడు కడుతూ కనిపించింది. తాడు తిన్నగా చేపల పరదా మీదకే వస్తోంది.

"ఏటే గుంటా, ఎవరి జాగా అనుకున్నావు? నెత్తళ్ళు నీ నెత్తి మీద ఎండెట్టుకోమంటావేటి?"

ఆ పిల్ల గతుక్కుమని చేతిలో తాడు వదిలేసింది. "కోప్పడకమ్మా. మాది టెక్కలి. విశాఖపట్నంలో మొక్కల మీద చదువుకుంటున్నాను. ఈ గళ్ళలోకి మేకలు రాకుండా చూసే మనిషి కావాలి. నీకు తెలిసినవాళ్ళు ఎవరైనా ఉంటే చెప్తావా, అమ్మా?"

ఆ వయసు పిల్ల ఆ వయసు ఆడమనిషిని అమ్మా అనడంలో వింతేం లేదు. బస్సులో కండక్టరు కూడా అంటాడు. కానీ సుస్మిత ఒంగుని తాడు తీసుకుంటూ, ముఖాన పడ్డ జుట్టు మోచేత్తో తోసుకుంటూ, అలసిపోయి అన్న మాట అది. సన్యాసమ్మ పరదా నాలుగు మూలలూ పట్టుకుని పక్కకి లాక్కుంది.

"మరెవరో ఎందుకు? నాను సూత్తాను" అంది.

ఆ దిబ్బ మీద ప్రధానంగా రెండే మొక్కలు. ఒకటి బాలబంద తీగ. మేక గిట్టలాంటి ఆకులు, ఊదారంగు పువ్వులు, ఇసక మీద ఎంత దూరమైనా పాకుతుంది. రెండోది రావణుడి మీసాలు. బూడిదపచ్చ గడ్డి. ఆకు కొన సూది, దాని ముళ్ళబంతులు గాలికి తీరమంతా దొర్లుతాయి. సముద్రానికి దగ్గరగా ఒక వరస, వెనక సరుగుడు తోపు పక్కన ఒక వరస, సుస్మిత గళ్ళు కట్టింది. ప్రతి వరసలోనూ కొన్ని గళ్ళలో తీగనంతా పీకేసి గడ్డిని ఉంచాలి, కొన్నిట్లో గడ్డి పీకేసి తీగని ఉంచాలి, కొన్నిట్లో దేన్నీ ముట్టుకోకూడదు. పీకిన మొక్క మళ్ళీ మొలకేస్తే మళ్ళీ తీసెయ్యాలి.

"రెండూ ఎప్పట్నించో కలిసే ఉన్నాయి. వాటి మానాన వాటిని ఒగ్గీకుండా ఇదేటి సదువు?" అని అడిగింది సన్యాసమ్మ.

"రెండింటికీ అదే ఇసక, అదే నీరు, అదే ఎండ కావాలి కదమ్మా. మరి బలమైంది రెండోదాన్ని ఎందుకు చంపెయ్యలేదు? ఒకటి లేకపోతే రెండోది సుఖపడుతుందా, చెడిపోతుందా? అది చూద్దామని."

 సన్యాసమ్మ వంగి గడ్డి దుబ్బు ఒకటి వేళ్ళతో సహా లాగింది.

ఆ పనిలో పడ్డాక ఆమె నడకే మారింది. పొద్దున్నే చేపలు ఆరేసి, గళ్ళ చుట్టూ ఒకసారి తిరిగొచ్చేది. మేకలొస్తే అదిలించేది. ఆడుకునే పిల్లలు తాడు దాటితే వాళ్ళ తాతల్నించీ మొదలుపెట్టి తిట్టేది. సుస్మిత వారానికోసారి వచ్చి రెండు మూడు రోజులు బారువలో ఉండేది. అప్పుడు మధ్యాహ్నం ఇద్దరూ సరుగుడు నీడలో కూర్చుని తినేవాళ్ళు. ఆ పిల్ల బాక్సులోని పులిహోర ఈమెకి పెట్టేది. ఈమె తెచ్చిన ఎండుచేపల ఇగురు ఆ పిల్ల వేళ్ళు నాకుతూ తినేది. "ఇంకొంచెం వెయ్యమ్మా" అనేది. ఆ రోజుల్లో సన్యాసమ్మ ఇగురులో నూనె ఒక చుక్క ఎక్కువ పోసేది.

ఇంట్లో మాత్రం ఈ సంగతి తేలిగ్గా చెప్పింది. "ఏదో కర్రలకి కాపలా. పొద్దుపోక ఎల్తన్నాను." చెల్లెలికి ఆశ పుట్టకూడదని ఆమె భయం. పుట్టిందంటే పంచుకోవలసి వస్తుంది. ఈ ఒక్కదాన్ని పంచుకోవడం ఆమెకి ఇష్టం లేదు.

అదృష్టం చూడండి, రావణుడి మీసమే ఆమె మడమలో విరిగింది. ముల్లు లోపల ఉండిపోయి కాలు వాచి, చీము పట్టి, సోంపేట తీసుకుపోయి కోయించాల్సి వచ్చింది. ఆటో పిలిచిందీ, చెయ్యి పట్టుకుని దింపిందీ, కట్టు మార్చిందీ అంతా రత్నాలమ్మే. అక్కని మంచం దిగనివ్వలేదు. నాలుగో రోజో ఐదో రోజో గుమ్మం దగ్గర నిలబడి, "అప్పా, టెక్కలి గుంట వొచ్చినాది. నీకోసం అడిగినాది. గళ్ళలో మేకలు పడతన్నాయట. నీ కాలు తగ్గేదాకా నాను ఎల్లి సూత్తాలే" అంది.

వద్దనడానికి కారణం దొరకలేదు సన్యాసమ్మకి. "ఊఁ" అంది.

ఆ తర్వాత రోజులు మంచం మీద ఎలా గడిచాయో ఆమెకే తెలుసు. చెల్లెలు దిబ్బ నుంచి రాగానే కళ్ళు మూసుకుని పడుకునేది. అయినా చెవులు అటే ఉండేవి. రత్నాలమ్మ చెప్పుకుపోయేది: గుంటకి వంకాయ పడదట, గుంట వాళ్ళ నాన్న పోయాడట, గుంటకి పెళ్ళిచూపులంటే చిరాకట. ఇన్ని వారాల్లో ఇవేవీ సన్యాసమ్మతో చెప్పలేదు ఆ పిల్ల. 'నానెప్పుడూ అడగనేదు. ఇది అడిగింటాది' అనుకుంది. అడగడం తనకి ఎందుకు తోచలేదా అని మరింత ఉడుక్కుంది.

కాలు నేలమీద మోపగలిగిన రోజునే కర్ర పట్టుకుని దిబ్బ ఎక్కింది. సరుగుడు నీడలో ఇద్దరూ ఉన్నారు. సుస్మిత కాగితాల మీద ఏదో గీసుకుంటోంది. రత్నాలమ్మ కానాగంతల చేపల పులుసు కలిపి ముద్దలు చేసి ఆ పిల్ల నోటికందిస్తోంది. ఆ పిల్ల తల ఎత్తకుండానే నోరు తెరుస్తోంది.

అలికిడి విని సుస్మిత లేచి ఎదురొచ్చింది. "పెద్దమ్మా! కాలు తగ్గిందా? ఎందుకొచ్చావు పెద్దమ్మా, చెబితే నేనే వచ్చేదాన్ని కదా?"

ఇద్దరున్న చోట ఇద్దర్నీ అమ్మా అంటే తికమక కదా. రత్నాలమ్మ అమ్మ, అక్క కాబట్టి ఈమె పెద్దమ్మ. ఆ పిల్ల మనసులో ఏ కల్మషమూ లేదు. సన్యాసమ్మ కర్ర ఇసకలో కూరుకుపోయి, లాక్కోవడానికి కాసేపు పట్టింది.

"తగ్గినాది" అంది.

సుస్మితే ఆరోజు పని పంచింది. కాలు బాగోలేని మనిషికి అంత తిరుగుడు ఎందుకని సముద్రం వైపు వరస సన్యాసమ్మకి, సరుగుడు వైపు వరస రత్నాలమ్మకి అప్పగించింది. ఊరివాళ్ళు వాటికి పెద్దామె గళ్ళు, చిన్నామె గళ్ళు అని పేర్లు పెట్టేశారు.

గాలులు మొదలయ్యే వేళకి తేడా కంటికి కొట్టొచ్చినట్టు కనిపించసాగింది. చిన్నామె గళ్ళలో గడ్డి పీకేసిన చోట తీగ పిచ్చెత్తినట్టు అల్లుకుంది. ఆకు మీద ఆకు, పొద్దున్నే గడి నిండా ఊదా పువ్వులు. తీగ తీసేసిన గళ్ళలో గడ్డి దుబ్బులు కుండలంత లావయ్యాయి. పెద్దామె గళ్ళలో అంతా ఎదురు. గడ్డి పీకిన గళ్ళలో గాలి ఇసకని తోడేసి తీగ వేళ్ళని బయటపెట్టింది. వేళ్ళు ఎండకి మాడి తీగ నల్లబడింది. తీగ తీసేసిన గళ్ళలో గడ్డి పసుపెక్కింది. ముట్టుకోకుండా వదిలిన గళ్ళలో మాత్రం రెండూ ఎలాగో ఒకలాగ పచ్చగా ఉన్నాయి. కానీ సన్యాసమ్మ చూపు వాటి మీద ఆగలేదు. చచ్చిపోతున్న వాటి దగ్గరే ఆగిపోయింది.

'దాని సెయ్యి అలాటిది' అనుకుంది. 'ఏది ముట్టుకున్నా కాత్తాది. నా సెయ్యి ఇలాటిది.'

ఒకటి రెండు సార్లు బిందెడు మంచినీళ్ళు మోసుకెళ్ళి ఆ నల్లబడ్డ తీగకి పోసింది. ఇసక గుటుక్కున మింగేసి మళ్ళీ పొడిగా అయిపోయింది. సుస్మిత వచ్చినప్పుడు ఈమె గళ్ళ దగ్గర కూర్చుని కొలతలు తీసుకునేది. ముఖంలో మార్పుండేది కాదు. చిన్నామె గళ్ళ దగ్గర మాత్రం ఫోన్ తీసి ఒంగుని, పడుకుని, ఫొటోలు తీసేది. "ఎంత బాగా వచ్చిందో చూడమ్మా!" అనేది. రత్నాలమ్మ పువ్వుల పక్కన నిలబడి నవ్వేది.

ఆ ఫొటో ఒకటి రత్నాలమ్మ గుజరాత్ పంపింది. ఆ సాయంత్రం పోలారావు వీడియోలో కనిపించి, "ఏటే, తోటమాలివైపోనావట!" అని చిన్నపెళ్ళాంతో వేళాకోళమాడాడు. తర్వాత ఫోను సన్యాసమ్మ చేతికొచ్చింది. కాలెలాగుంది, మందులేసుకుంటన్నావా, బియ్యం ఉన్నాయా అని అడిగాడు. గళ్ళ ఊసెత్తలేదు.

మర్నాడు పడవలొచ్చే వేళ ఊరంతా తీరాన ఉంది. చేపల వేలంపాట కేకలు దిబ్బ మీదకి వినిపిస్తున్నాయి. సన్యాసమ్మ వెనక వరసకి నడిచింది. ఊదా పువ్వుల గడి ముందు ఆగింది. తాడు దాటింది. ఒక తీగ కొస పట్టి లాగింది. బట్ట చిరిగిన చప్పుడుతో అది ఇసకలోంచి పొడుగ్గా లేచొచ్చింది. ఇంకోటి. ఇంకోటి. కాలు నొప్పి తెలియలేదు. తీగ పాలంటి అరచేతులు జిగటెక్కాయి. చిన్నప్పుడు తండ్రి వల తాళ్ళు చుట్టడం నేర్పిన అలవాటు చొప్పున, పీకిన తీగని మోచేతికీ బొటనవేలికీ మధ్య చుట్టి, చుట్ట నడుం దగ్గర ముడేసి, సరుగుడు చెట్టు మొదట్లో పడేసింది. అట్లాంటి చుట్టలు కుప్పయ్యాక గానీ ఆమె ఆగలేదు. వెనక్కి తిరిగి చూస్తే గడి నున్నగా, కొత్తగా తవ్విన గొయ్యిలా ఉంది. అప్పుడు భయమేసింది. ఇంటికొచ్చి మూడుసార్లు చేతులు కడుక్కుంది.

సుస్మిత వచ్చి చూసింది. అరవలేదు. గడి పక్కన ఇసకలో కూలబడి, టోపీ తీసి ఒళ్ళో పెట్టుకుంది. అక్కచెల్లెళ్ళిద్దరూ ఎదురుగా నిలబడ్డారు.

"ఎవరు చేశారిది? ఇన్ని నెలల పని అమ్మా" అంది. 

రత్నాలమ్మ సరుగుడు చెట్టు మొదలు వైపు చూసింది. అక్కడ తీగ చుట్టలు వరసగా ఉన్నాయి. ప్రతిదాని నడుమూ అదే ముడి. ఆమె చాలాసేపు చూసింది. సన్యాసమ్మ ఆ చూపుని చూసింది. 

"నానే" అంది రత్నాలమ్మ. "నానే పీకీసినాను. ఏది ఉంచాలో ఏది తియ్యాలో మర్సిపోనాను. తప్పైపోనాది."

సుస్మిత ముఖం తిప్పుకుంది. కాసేపటికి, "మీరింక రావద్దులెండి. రెండు వరసలూ పెద్దమ్మే చూసుకుంటుంది" అంది. అమ్మా అనలేదు. 'నువ్వు' కాస్తా 'మీరు' అయిపోయింది.

కోరుకున్నదంతా సన్యాసమ్మ చేతికొచ్చింది. రెండు వరసలూ ఆమెవే. సరుగుడు నీడలో ఆ పిల్ల పక్కన ఆమె ఒక్కతే. కానీ అక్కడ తిన్న పులిహోర రుచించేది కాదు. చెల్లెలు ఇంట్లో ఏమీ జరగనట్టే ఉంది. కాలికి నూనె రాసేది, పులుసు పెట్టేది. ఒక్క మాట అనదు. ఏదైనా అంటుందేమోనని సన్యాసమ్మ ఎదురుచూసేది. తిడితే తిరిగి తిట్టొచ్చు, ఏడిస్తే ఓదార్చొచ్చు. మౌనంగా ఉంటే ఏం చేస్తుంది? పైపెచ్చు ఇంకో మంట. తన తప్పు నెత్తిన వేసుకుని చెల్లెలు మంచిదైపోయింది. మొగుణ్ణీ, పిల్లల్నీ, పువ్వుల్నీ తీసుకున్నది చాలక, చివరికి మంచితనం కూడా అదే పట్టుకుపోయింది!

ఒక పొద్దున్న వాకిట్లో ఇద్దరూ చేపలు తోముతున్నారు. సన్యాసమ్మ కత్తిపీట మీంచి లేచి నిలబడింది.

"ఎందుకన్నావే అలగ?"

"ఎలగ?"

"నాను పీకీసినాను అని. నిన్నెవరడిగినారు? దేవతనైపోదామనా?"

రత్నాలమ్మ చేప పొలుసు గీకుతూనే ఉంది. "నీ ముడి నాకు తెల్దా అప్పా. నువ్వని సెప్తే ఆ గుంట నిన్ను రానియ్యదు. ఇంట్లో కూకుని నువ్వు ఏడుత్తుంటే నాను సూడాల. అది నాకెందుకు?"

"నాకోసం సేసినావన్నమాట. ఎప్పుడూ నాకోసమే సేత్తావు మరి!"

అప్పుడు రత్నాలమ్మ కత్తి కింద పెట్టింది. ముఖం ఎర్రబడింది. "ఏటి సేసినాను నాను? సెప్పు. పద్దెనిమిదేళ్ళకి నన్ను తెచ్చి నీ ఇంట్లో పడేసినారు. అప్పని సూసుకో, అప్ప మాటిను అని సెప్పి అమ్మ ఎలిపోనాది. ఇల్లు నీది. పెట్టె తాళం నీది. కూరలో ఉప్పేయాలన్నా నిన్నడగాల. నా పిల్లలకి జొరమొస్తే నన్ను పిలిసినారా ఎప్పుడన్నా? పెద్దమ్మా పెద్దమ్మా అని నీ మెడ పట్టుకున్నారు. కన్నది నాను, పక్కన నిలబడి సూసింది నాను. ఆయన నాతోటి వేళాకోళం ఆడతాడు. సముద్రంలో గాలొచ్చి భయమేసిన రోజున ఫోను సేసి మాటాడేది నీతోటే. తెల్దనుకున్నావా? ఆ గుంట ఒక్కతే నా సేతి ముద్ద తిన్నాది. ఆ ఒక్కటీ..."

 చేప కడుపు చీరి పేగులు తీసి కాకులకి విసిరింది.

 చెల్లెలు తనని చూసి కుళ్ళుకుంటుందని సన్యాసమ్మ కలలో కూడా అనుకోలేదు. జాలి వేసింది. సిగ్గు వేసింది. ఆ రెండింటి కిందా ఇంకేదో వెచ్చగా ఉంది. ఆ రోజంతా ఏ పని చేస్తున్నా చెల్లెలి మాటలు ఒక్కొక్కటే తలుచుకుంది. పిల్లలు నీ మెడ పట్టుకున్నారు. భయమేస్తే నీతోటే. తలుచుకున్న కొద్దీ లోపల చక్కెర నోట్లో వేసుకున్నట్టుంది. ఇన్నేళ్ళూ కొలుచుకుంటూ తను తక్కువేనని లెక్క తేల్చుకుంది, అవతల కూర్చున్న మనిషికి అదే ఎక్కువగా కనిపించింది! ఆ సంతోషానికి తనని తాను తిట్టుకుంది. తిట్టుకుంటూనే ఆ సాయంత్రం పులుసులోని తలకాయని గరిటెతో తీసి చెల్లెలి కంచంలో వేసింది. రత్నాలమ్మ దాన్ని తినేసింది.

తర్వాతసారి సుస్మిత వచ్చినప్పుడు సన్యాసమ్మ గళ్ళ దగ్గరికి కాదు, తిన్నగా ఆ పిల్ల దగ్గరికి పోయింది.

"దాన్ని పిలు. నానొక్కద్దాన్నీ రెండు వరసలూ సెయ్యలేను."

"ఎలా పిలవను పెద్దమ్మా? మళ్ళీ ఏదైనా పీకేస్తే?"

"అది పీకనేదు."

"మరెవరు?"

సన్యాసమ్మ సముద్రం వైపు చూసింది. "మేకలనుకో."

సుస్మిత కాసేపు ఆమెనే చూసింది. "మేకలు తీగల్ని చుట్ట చుట్టి ముడులు కూడా వేస్తాయా, పెద్దమ్మా?"

 గాలి గట్టిగా వీస్తోంది. సుస్మిత ముఖంలో కోపం వచ్చింది, పోయింది, మళ్ళీ వచ్చింది. "ఆ గడి ఇంక లెక్కలోకి రాదు" అంది చివరికి. "తీసేస్తాను. చిన్నమ్మని రేపట్నుంచి రమ్మను. ఆ మేకలతో కూడా చెప్పు, ఇంకో గడి పోయిందంటే నా చదువు ఆగిపోతుంది."

"సెప్తాను" అంది సన్యాసమ్మ.

వేట ఆపే రోజులొచ్చేసరికి పని ముగిసింది. సుస్మిత కర్రలు పీకుతూ అక్కచెల్లెళ్ళిద్దరినీ పక్కన కూర్చోబెట్టుకుని చెప్పింది. వెనక సరుగుడు చాటున గాలి లేదు, ఉప్పు జల్లు లేదు. అక్కడ ఆ రెండు మొక్కలూ చోటు కోసం ఒకదాన్నొకటి తొక్కుకుంటున్నాయి. ఒకదాన్ని తీసేస్తే రెండోది బలిసింది. సముద్రం ముందు అలా కాదు. గాలి ఇసకని కోసుకుపోతుంటే గడ్డి దుబ్బులు అడ్డం నిలబడతాయి, తీగ పరుచుకుని వేళ్ళ మీద ఇసక నిలుపుతుంది. అక్కడ ఒకదాన్ని తీసేసిన గళ్ళన్నిట్లో రెండోది చచ్చిపోయింది, లేదా చావడానికి సిద్ధంగా ఉంది.

"అయితే నా సెయ్యి మంచిది కాక కాదన్నమాట" అంది సన్యాసమ్మ.

సుస్మితకి ఆ మాట అర్థం కాలేదు. "చేతిదేముంది పెద్దమ్మా? నిజానికి నీ వరసే నాకు ఎక్కువ పనికొచ్చింది. మా సార్ కూడా దాని గురించే అడుగుతున్నారు."

సన్యాసమ్మ చెల్లెలి వైపు చూడకుండా ఉండాలని ప్రయత్నించింది. చూసేసింది. రత్నాలమ్మ ఇసకలో వేలితో గీతలు గీస్తోంది.

"మరి నా వరస?" అని అడిగింది.

"అదీ పనికొచ్చింది."

"ఎక్కువ ఎవరిది పనికొచ్చినాదో మళ్ళీ ఓసారి సెప్పు" అంది సన్యాసమ్మ. సుస్మిత నవ్వేసింది. రత్నాలమ్మ గుప్పెడు ఇసక తీసి అక్క కాళ్ళ మీదకి విసిరింది.

పోలారావూ మనోహరూ వచ్చారు. వానలు పడ్డాయి, మళ్ళీ గుజరాత్ వెళ్ళారు. సుస్మిత అప్పుడప్పుడు ఫోన్ చేసేది. ఒకసారి ఫోన్ లౌడ్‌స్పీకర్‌లో పెట్టుకుని ఇద్దరూ వింటున్నారు. ఈ ఏడు ఇచ్ఛాపురం దగ్గర డొంకూరులో గళ్ళు కట్టానంది ఆ పిల్ల. "అక్కడ ప్రమోదినమ్మ అని ఒకావిడ చూస్తోంది పెద్దమ్మా. బంగారం లాంటి మనిషి. ఒక్క మేకని కూడా రానివ్వదు. చేపల కూర ఎంత బాగా వండుతుందో!"

ఫోన్ పెట్టేశారు.

"బంగారమట" అంది రత్నాలమ్మ.

"ఇన్నాను."

"అటేపోళ్ళు కూరలో ఆవ నూరి ఏత్తారంట. అదేటి రుసి?"

ఆ వారంలోనే ఒక పొద్దున్న అక్కచెల్లెళ్ళిద్దరూ ఉతికిన చీరలు కట్టుకుని, సోంపేటలో బస్సెక్కి ఇచ్ఛాపురం పోయి, అక్కణ్ణించి ఆటోలో డొంకూరు చేరారు. ఎవరు చూసి రమ్మన్నారని అడిగితే చెప్పడానికి ఏమీ లేదు. దిబ్బ మీద నీలం తాళ్ళు కనిపించాయి. నడివయసు మనిషి ఒకామె, నడుముకి కొంగు బిగించి, గడ్డి దుబ్బులు పీకుతోంది. సుస్మిత ఆ రోజు రాలేదు. వీళ్ళు ఎవరో ఏమిటో చెప్పుకున్నాక ప్రమోదిని సంబరపడిపోయింది. సగం తెలుగు, సగం ఒడియా కలిపి, సుస్మిత మీ గురించి ఎన్ని సార్లు చెప్పిందో అంది. పెద్దమ్మ ఎవరు, చిన్నమ్మ ఎవరు అని అడిగింది. నీడలో చాప వేసి అన్నం పెట్టింది. కూర నిజంగానే బావుంది.

వీళ్ళు ఆమె గళ్ళన్నీ తిరిగి చూశారు. ఒక్కో తాడు దగ్గరా ఆగి వంగి మొదళ్ళు పరీక్షించారు. "బావున్నాయమ్మా" అని ప్రమోదినికి చెప్పి ఆటో ఎక్కారు.

ఆటో ఊరు దాటాక సన్యాసమ్మ మొదలుపెట్టింది.

"సూసినావా, గడ్డిని పైన పీకి ఏరు కిందే ఒగ్గేసినాది."

"సూసినాను. వానొస్తే అన్నీ మళ్ళీ మొలుత్తాయి."

"తాడు కూడా వదులు. మేక కాదు, ఆవు దూరిపోతాది."

"గుంటకి సెప్పాల అప్పా."

"సెప్దాం. నువ్వు సెయ్యి ఫోను. నీ మాటైతే ఇంటాది."

"నీ మాటే ఇంటాది" అంది రత్నాలమ్మ, ఫోన్ తీసి అక్క చేతిలో పెడుతూ. ఆటో గతుకుల్లో ఊగుతోంది. సన్యాసమ్మ ఒక చేత్తో చెల్లెలి భుజం పట్టుకుని, రెండో చేత్తో సుస్మిత నంబరు నొక్కింది.